సాంబారు కవరు మీద కేసు నిలుస్తుందా?

ప్రశ్న: మాది నల్లకుంట. ఇద్దరం ఉద్యోగాలు చేస్తున్నాం కనుక రెండేళ్లుగా రాత్రి భోజనానికి కూర, సాంబారు మా వీధి చివర కర్రీ పాయింట్ నుంచే తెచ్చుకుంటున్నాం. పొగలు కక్కే సాంబారును పల్చటి కవరులో పోసి రబ్బరు బ్యాండు చుట్టి ఇస్తారు. కూరను నల్లటి ప్లాస్టిక్ డబ్బాలో పెడతారు. మూడు వారాల కిందట ఒక ఆదివారం ఇల్లు చేరేసరికి కవరు మెత్తబడి సాగిపోయింది, సాంబారు ప్లాస్టిక్ వాసన కొట్టింది. పారబోయడానికి మనసొప్పక తిన్నాం. ఆ రాత్రి నాకూ ఏడేళ్ల మా అబ్బాయికీ వాంతులయ్యాయి. మర్నాడు డాక్టరు మందులు రాశారు, రెండు రోజుల్లో తగ్గింది. దుకాణదారును అడిగితే, "ఏం చేయమంటారమ్మా, ఊరంతా ఇవే కవర్లు" అన్నాడు. ప్లాస్టిక్‌లోని బీపీఏ వల్ల క్యాన్సర్ వస్తుందని చదివాను. రెండేళ్లుగా మా ఒంట్లోకి వెళ్లిన విషానికీ, ముందుముందు రాబోయే జబ్బులకూ కలిపి దుకాణం మీద, కవరు తయారుచేసిన కంపెనీ మీద కేసు వేయవచ్చా? నల్ల డబ్బాను శుభ్రంగా కడిగి దాచాను.
– ఒక పాఠకురాలు, హైదరాబాద్

జవాబు: డబ్బాను దాచి మంచి పని చేశారు. కడగకుండా ఉంటే ఇంకా బాగుండేది. ఇలాంటి తగాదాల్లో చెత్తబుట్టలోకి పోయేదే అసలు సాక్ష్యం. ఆ ఆదివారం సాగిపోయిన కవరు ఇప్పుడు మీ దగ్గర లేదని ఉత్తరాన్ని బట్టి అర్థమవుతోంది. కనీసం ఫోనులో దాని ఫొటో ఏదైనా ఉందేమో వెతకండి. అది ఎందుకంత ముఖ్యమో కిందికి వస్తే తెలుస్తుంది.

మీరు ఒక కేసు అనుకుంటున్నది నిజానికి రెండు కేసులు. రెండేళ్ల విషానికీ రాబోయే జబ్బులకూ పరిహారం అడగడం ఒకటి. ఆ ఆదివారం నాటి కవరు గురించి అడగడం మరొకటి. మొదటిది వదిలేయమని నా సలహా. రెండోదానిలో బలం ఉంది. రెండింటినీ ఒకే ఫిర్యాదులో కలిపితే బలహీనమైనది బలమైనదాన్ని కూడా ముంచుతుంది.

మొదటిది ఎందుకు నిలవదో చెబుతాను. బీపీఏ, అంటే బిస్ఫినాల్ ఏ, ముఖ్యంగా పాలికార్బొనేట్ అనే గట్టి ప్లాస్టిక్‌లోనూ డబ్బా ఆహారాల టిన్నుల లోపలి పూతలోనూ ఉంటుంది. సాంబారు పోసే పల్చటి కవరు మామూలుగా పాలిథీన్. పాలిథీన్ తయారీకి బీపీఏ అవసరం లేదు. ఫిర్యాదులో బీపీఏ అని రాశారంటే ఎదుటి వకీలు అడిగే మొదటి ప్రశ్న ఇదే, అక్కడే కేసు సగం పోతుంది. బీపీఏ ప్రమాదం కల్పితమని నేను అనడం లేదు. మన దేశంలో పసిపిల్లల పాలసీసాల్లో దాన్ని వాడకూడదు. ఐరోపా ఆహార భద్రతా సంస్థ 2023లో, మనిషి రోజూ తీసుకున్నా పరవాలేదనే మోతాదును అంతకుముందున్న దానికన్నా 20,000 రెట్లు తగ్గించింది. కానీ ఒక పదార్థం చెడ్డదని రుజువు చేయడం వేరు, అది ఫలానా దుకాణం నుంచి మీ ఒంట్లోకి వచ్చిందని రుజువు చేయడం వేరు. బీపీఏలో ఎక్కువ భాగం ఒకటి రెండు రోజుల్లోనే మూత్రంలో బయటికి పోతుంది. ఈ రోజు పరీక్ష చేయించుకుంటే తెలిసేది నిన్నా మొన్నా తిన్న సంగతే. అది కర్రీ పాయింటుదో, ఆఫీసు క్యాంటీనుదో, ఇంట్లో నీళ్ల సీసాదో ఏ ప్రయోగశాలా చెప్పలేదు. ఇక రాని జబ్బుకు పరిహారం అడిగితే వినియోగదారుల కమిషన్ సభ్యులు కాగితం పక్కన పెట్టేస్తారు.

పత్రికల్లో వచ్చిన అధ్యయనాల కత్తిరింపులు జత చేయాలన్న ఆలోచన ఉంటే ఒకటికి రెండుసార్లు చూసుకోండి. మీ నల్ల డబ్బాకు దగ్గరి ఉదాహరణే ఉంది. పాత ఎలక్ట్రానిక్ వస్తువుల ప్లాస్టిక్‌ను కరిగించి నల్లటి వంట సామాను చేస్తున్నారనీ, మంటలు అంటుకోకుండా కలిపే రసాయనాలు వాటిలో మిగిలి ఉన్నాయనీ 2024లో అమెరికా నుంచి ఒక పరిశోధన వచ్చింది. చాలా ఇళ్లలో నల్ల గరిటెలు బుట్టదాఖలయ్యాయి. తరువాత తేలిందేమిటంటే, ఒంటి బరువు కిలోకు 7,000 నానోగ్రాములన్న రోజువారీ పరిమితిని 60 కిలోల మనిషికి లెక్కకట్టడానికి 7,000ను 60తో హెచ్చవేసినప్పుడు రావలసిన 4,20,000 బదులు 42,000 అని వేశారు. ఒక సున్నా పోయింది! రసాయనాలు దొరికిన మాట నిజమే. కానీ పరిమితికి దగ్గరగా ఉందన్న మోతాదు నిజానికి దానిలో పదో వంతు కూడా లేదు. అలాంటి కాగితం మీ చేతిలో ఉండగా ఎదుటివారు ఆ సున్నాను చూపిస్తే, మీరు చెప్పే నిజాలను కూడా ఎవరూ నమ్మరు.

ఇప్పుడు రెండో కేసు. ఆహార భద్రత, ప్రమాణాల చట్టం, 2006లో 'సురక్షితం కాని ఆహారం' అనే మాటకు ఇచ్చిన నిర్వచనం చూడండి. ఆహారమే కాదు, దాన్ని ఉంచిన ప్యాకింగ్ విషపూరితమైన, హాని చేసే పదార్థంతో తయారైనా ఆ ఆహారం సురక్షితం కానిదే అవుతుంది. 'కల్మషం' అన్న మాటలో కూడా ప్యాకింగ్ వల్ల ఆహారంలో చేరేదాన్ని కలిపారు. "సాంబారు మంచిదే, కవరు నాది కాదు" అని దుకాణదారు తప్పించుకోవడానికి చట్టం వీలు ఇవ్వదు.

దానికి తోడు 2018 ప్యాకేజింగ్ నిబంధనలు ఉన్నాయి. ప్లాస్టిక్ నుంచి ఆహారంలోకి దిగే పదార్థాలన్నీ కలిపి కిలో ఆహారానికి 60 మిల్లీగ్రాములు దాటకూడదు. ప్లాస్టిక్‌ను మెత్తగా ఉంచడానికి కలిపే థాలేట్లలో ఒకటైన డీఈహెచ్‌పీ 1.5 మిల్లీగ్రాములు దాటకూడదు. కంటికి కనిపించేలా రంగు దిగకూడదు. థాలేట్లు ప్లాస్టిక్‌తో గట్టిగా అతుక్కుని ఉండవు, నూనెలో సులువుగా కరుగుతాయి. అందుకే గుత్తి వంకాయ కూర పెట్టే డబ్బా మీద నాకు సాంబారు కవరు మీద కన్నా అనుమానం ఎక్కువ. ఈ అంకెలన్నీ ప్రయోగశాలలో తేలవలసినవి. మీకు వెంటనే పనికొచ్చేది అవే నిబంధనల్లోని ఒక చిన్న వాక్యం: ప్యాకింగ్ సామగ్రి మామూలుగా తీసుకువెళ్లేటప్పుడు ఎదురయ్యే వేడిని తట్టుకోగలగాలి. వీధి చివరి నుంచి ఇంటికి తెచ్చేలోపే సాగిపోయిన కవరు ఈ పరీక్షలో తప్పినట్లే. దీనికి రసాయన శాస్త్రం అక్కర్లేదు, ఫొటో చాలు. ఫొటో గురించి మొదట్లోనే అడిగింది ఇందుకే.

మందం సంగతి కూడా చాలామంది తప్పుగా చెబుతుంటారు. 120 మైక్రాన్లు ఉండాలన్న నియమం 2022 డిసెంబరు 31 నుంచి చేతితో పట్టుకునే పిడి ఉన్న క్యారీ బ్యాగులకు వర్తిస్తుంది. రబ్బరు బ్యాండు కట్టే సాంబారు కవరుకు పిడి ఉండదు కనుక అది క్యారీ బ్యాగు కాదని వాదించవచ్చు. అప్పుడు వర్తించేది ప్లాస్టిక్ షీటుతో చేసే కవర్లకు పెట్టిన 50 మైక్రాన్ల నియమం. ఫిర్యాదులో 50 అని రాయండి. కర్రీ పాయింటు కవర్లలో చాలావాటికి ఆ 50 కూడా ఉండదని నా అనుమానం.

ఇక సాక్ష్యం. అదే కవర్లు ఇంకా వాడుతున్నారు కనుక మళ్లీ కొనండి. బిల్లు అడగండి. ఆహార వ్యాపారి బిల్లు మీద 14 అంకెల రిజిస్ట్రేషన్ లేదా లైసెన్సు సంఖ్య ఉండాలి. బిల్లు ఇవ్వకపోతే ఫోనులో యూపీఐ చెల్లింపు వివరం ఉంచుకోండి. వేడి సాంబారు పోస్తున్నప్పుడు, ఇల్లు చేరాక కవరు ఎలా ఉందో ఫొటోలు తీయండి. ఖాళీ కవర్లు రెండు మూడు అడిగి తెచ్చుకోండి. ఇది ఆ ఆదివారం జరిగినదాన్ని నేరుగా రుజువు చేయదు, దుకాణం అలవాటును చూపిస్తుంది. డాక్టరు రాసిన చీటీ, మందుల బిల్లులు తేదీలతో సహా పక్కన పెట్టుకోండి. అయితే వాంతులు రసాయనాల వల్లే అని పట్టుబట్టకండి. రాత్రికి రాత్రే వచ్చే వాంతులకు పాడైన ఆహారమే కారణమని వైద్యులు ముందు అనుమానిస్తారు. "ఈ ఆహారం తిన్నాక జబ్బు చేసింది" అని రాస్తే చాలు. పాడైన సాంబారు అమ్మినా తప్పు దుకాణానిదే.

ఆహార భద్రతా చట్టం 40వ సెక్షన్ కింద కొనుగోలుదారు కూడా రుసుము కట్టి ఆహార విశ్లేషకునితో పరీక్ష చేయించుకోవచ్చు. దోషం తేలితే రుసుము తిరిగి ఇస్తారు. కానీ కొనేటప్పుడే "దీన్ని పరీక్షకు పంపుతున్నాను" అని అమ్మేవానికి చెప్పాలట! చెప్పిన మరుక్షణం ఏ కవరు బయటికి వస్తుందో ఊహించండి. అందుకే నేను ఆహార భద్రతా అధికారికి రాతపూర్వకంగా ఫిర్యాదు ఇచ్చే దారే మేలంటాను. ఆయన చట్టప్రకారం తీసిన నమూనాను నాలుగు భాగాలు చేసి ఒకటి విశ్లేషకునికి పంపుతారు. నివేదిక 14 రోజుల్లో రావాలి. మన రాష్ట్ర ఆహార ప్రయోగశాల నాచారంలో ఉంది. కవరును, డబ్బాను విడిగా పరీక్షించాలంటే ప్లాస్టిక్ పరీక్షల సౌకర్యం ఉన్న సంస్థను చూడాలి. చర్లపల్లిలోని సీపెట్ అలాంటిదే. ఆహారంలోకి ఎంత దిగుతుందో చూసే పరీక్షకు భారతీయ ప్రమాణం ఐఎస్ 9845. ఆ పేరుతో అడిగితే మాట తేడా రాదు. కడిగిన డబ్బా ఇక్కడ ఇప్పటికీ పనికొస్తుంది, కానీ ఒకసారి వాడినదనే అభ్యంతరం వస్తుంది. దానితో పాటు వాడని డబ్బా కూడా ఇవ్వండి.

పరిహారానికి రెండు దారులు. ఆహార భద్రతా చట్టం 65వ సెక్షన్ కింద తీవ్ర గాయానికి 3 లక్షల రూపాయల వరకు, ఇతర హానికి లక్ష వరకు ఇప్పించవచ్చు. మీది రెండో కోవలోది. రెండో దారి వినియోగదారుల రక్షణ చట్టం, 2019 కింద జిల్లా కమిషన్. నల్లకుంట హైదరాబాద్ జిల్లాలోనిదే కనుక నాంపల్లికి వెళ్లాలి. ఏ కమిషన్ అన్నది మీరు అడిగే పరిహారాన్ని బట్టి కాక చెల్లించిన ధరను బట్టి నిర్ణయిస్తారు. సాంబారు ధర ఎంతైనా 5 లక్షల లోపే కదా, రుసుము లేదు. వకీలు తప్పనిసరి కాదు, మీరే వాదించుకోవచ్చు. అబ్బాయి మైనరు కనుక అతని తరఫున తల్లిగా మీరే సంతకం చేయాలి. అడగవలసినది వైద్యం ఖర్చు, మానసిక వేదనకు కొంత మొత్తం, కేసు ఖర్చులు, ఆ కవర్లు ఇకపై వాడకూడదనే ఆదేశం. లక్షలు వస్తాయని ఆశ పెట్టుకోకండి. నాకైతే ఆ ఆదేశమే విలువైనదిగా తోస్తుంది.

కవరు కంపెనీ మాటకు వస్తే, ముందు ఆ కంపెనీ ఏదో తెలియాలి. క్యారీ బ్యాగు అయితే తయారీదారు పేరు, రిజిస్ట్రేషన్ సంఖ్య, మందం తెలిసేలా వివరాలు ఉండాలని నిబంధన. మీ కవరు మీద ఏమీ లేకపోతే బేగంబజారు టోకు దుకాణాల చుట్టూ మీరు తిరగవద్దు. ఎవరి దగ్గర కొన్నాడో చెప్పమని, కేసుకు ముందు దుకాణదారుకు పంపే నోటీసులో రాయండి. తయారీదారు ఎవరో తెలియనప్పుడు అమ్మినవానిపై బాధ్యత మోపే వీలు 2019 చట్టంలోనే ఉంది. పేరు చెబితే వారినీ ప్రతివాదిగా చేర్చండి, చెప్పకపోతే భారం అతనే మోస్తాడు. "ఊరంతా ఇవే కవర్లు" అన్న మాటను తేదీతో సహా నోటీసులో పెట్టండి. ఆ కవరు వాడినట్లు ఆయన ఒప్పుకున్నది అందులోనే ఉంది.

వినియోగదారుల కమిషన్‌కు వెళ్లడానికి సంఘటన జరిగిన రోజు నుంచి రెండేళ్ల గడువు ఉంది. ఆహార భద్రతా చట్టం కింద ప్రాసిక్యూషన్‌కు మామూలుగా ఏడాదే. కాబట్టి అధికారికి ఇచ్చే ఫిర్యాదు ఈ వారమే వెళ్లాలి, తీసుకున్నట్లు ముద్ర వేసిన నకలు మీ దగ్గర ఉండాలి. నోటీసు ఆ తరువాత పంపినా నష్టం లేదు.