కాలదోషం పట్టిన నోటు మీద దావా వేయవచ్చా?

ప్రశ్న: 2022 జూన్ 14న మా తోడల్లుడికి ప్రోనోటు మీద రూ. 4 లక్షలు ఇచ్చాను. 2024 జనవరిలో రూ. 20 వేలు చేతికిచ్చాడు. మిగతాది అడిగినప్పుడల్లా ‘స్థలం అమ్మగానే ఇచ్చేస్తా’ అనేవాడు. చుట్టరికం కదా అని ఊరుకున్నాను. 2025 మేలో లాయరు నోటీసు ఇప్పించినా జవాబు లేదు. ఇప్పుడు ఆలస్యాన్ని మన్నించమని పిటిషన్ పెట్టి దావా వేయవచ్చా?

జవాబు: ఆ దారి లేదండీ. ఆలస్యాన్ని మన్నించమని అడిగే వీలు లిమిటేషన్ చట్టం సెక్షన్ 5లో ఉంది గానీ, అది అప్పీళ్లకి, కొన్ని పిటిషన్లకే. అసలు దావాకి వర్తించదు. మీ కారణం ఎంత న్యాయమైనదైనా జడ్జి చేయగలిగింది లేదు. పైగా గడువు దాటిందని మీ తోడల్లుడు చెప్పకపోయినా, సెక్షన్ 3 ప్రకారం కోర్టే చూసుకుని దావా కొట్టేయాలి.

అడిగినప్పుడు చెల్లిస్తానని రాసే డిమాండు ప్రోనోటుకి గడువు నోటు రాసిన తేదీ నుంచి మూడేళ్లు. బాకీ అడిగిన రోజు నుంచి లెక్క అని చాలామంది అనుకుంటారు, తప్పు. మీ గడువు 2025 జూన్ 14తో అయిపోయింది. ఆ రోజు రెండో శనివారం, కోర్టుకి సెలవు కాబట్టి 16న సోమవారం వేసినా చెల్లేది. మేలో నోటీసు ఇప్పించేనాటికి ఇంకా టైమ్ ఉంది. నోటీసు ఇస్తే గడువు ఆగుతుందనుకున్నారు కాబోలు. ఆగదు.

ఇక ఆ ఇరవై వేలు. నాకు మనసు ఉసూరుమనిపించింది ఇదే. ఆ రోజు నోటు తిరగేసి, వెనక ‘ఈ నోటు బాకీ కింద రూ. 20,000 చెల్లించాను’ అని రాయించి, తేదీ వేయించి, సంతకం పెట్టించి ఉంటే, సెక్షన్ 19 కింద ఆ చెల్లు తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు, అంటే 2027 జనవరి దాకా గడువు వచ్చేది. డబ్బు ముడితే చాలదు, ఇచ్చినవాడి చేతిరాతో సంతకమో ఉండాలి. మీరు డైరీలో రాసుకుని ఉన్నా అది మీ రాతే, పనికిరాదు. ఇప్పుడు పాత తేదీతో చెల్లు పుట్టిద్దామని ఎవరైనా అంటే వినకండి. సివిల్ గొడవ కాస్తా ఫోర్జరీ కేసై మీ మెడకే చుట్టుకుంటుంది.

అయితే గడువు దాటితే పోయేది దావా వేసే హక్కే, బాకీ కాదు. ఆయన తనంతట తాను కట్టేస్తే ఆ డబ్బు మీదే, తర్వాత తిరిగి ఇమ్మని అడగలేడు. మంచి మాటతో కొత్త కాగితం రాయించుకోగలిగితే, కాంట్రాక్టు చట్టం సెక్షన్ 25(3) కింద దాని మీద దావా నడుస్తుంది. ఇక్కడో మెలిక ఉంది. గడువులోపైతే ‘బాకీ ఉన్నాను’ అని రాసి సంతకం చేసినా సరిపోయేది. ఇప్పుడది చాలదు, ‘ఇంత మొత్తం చెల్లిస్తాను’ అన్న మాట స్పష్టంగా ఉండాలి.

ఆయన దగ్గరికి వెళ్లే ముందు బీరువా ఒకసారి వెతకండి. 2025 జూన్ 14లోపు బాకీ ఒప్పుకుంటూ ఆయన సంతకం చేసిన ఉత్తరమో, బాకీ కింద ఇచ్చి సొమ్ము జమ అయిన చెక్కో ఉంటే లెక్క మారుతుంది. ఆయన పంపిన వాట్సాప్ మెసేజ్‌లు ఉంటే చెరపకండి. వాటితోనే గెలుస్తారని చెప్పను గానీ, స్క్రీన్‌షాట్లతో సరిపెట్టకుండా ఆ ఫోన్ మీ లాయరుకి చూపించండి.