మాస్టారి మీద రాక్ పాట కడుతున్న మేనల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి,

మామయ్య ఆశీస్సులు. పోయిన నీ గిటార్ మాస్టారి మీద నువ్వు కట్టి పంపిన పాట డెమో (నమూనా రికార్డింగ్) విన్నాను. పదాలు కాగితం మీద రాసుకుని చదివాను కూడా. గిటార్ బాగుంది. కోరస్‌లో డ్రమ్స్ లేచే చోట ఒళ్ళు జలదరించింది. కానీ ఉన్నదున్నట్టు చెప్పమన్నావు కాబట్టి చెప్తున్నాను: ఆ పాటలో మాస్టారు లేరు. "దారి చూపిన దీపం", "నింగికెగసిన తార", "మరువలేని మహనీయుడు"... ఇవన్నీ చౌరస్తాలో కట్టే కన్నీటి నివాళి ఫ్లెక్సీ మీద ఉండే మాటలు. ఫొటో మారిస్తే ఎవరికైనా సరిపోతాయి. మాస్టారిని ఎరిగిన మనిషి ఈ పాట విని, ఇది ఫలానా ఆయన గురించే అని గుర్తుపట్టగలడా? నేనైతే గుర్తుపట్టేవాణ్ణి కాదు.

ఆయన ఎట్లాంటివారో నాకంటే నీకే బాగా తెలుసు. మెట్రోనోమ్ (తాళం కొట్టే యంత్రం) ఆపేసి చెప్పుకాలితో నేల మీద తాళం కొట్టేవారు. శ్రుతి చేసుకోకుండా గిటార్ పట్టుకొచ్చినవాణ్ణి గుమ్మం బయటే నిలబెట్టేవారు. ఫీజు కట్టలేని పిల్లల్ని పల్లెత్తు మాట అనేవారు కాదు గానీ, సాధన చేయకుండా వస్తే మాత్రం ఎంత డబ్బున్నవాళ్ళ పిల్లవాడైనా వాడి పని అయిపోయినట్టే. పాటకి సామగ్రి ఇదంతా. దీన్ని పక్కన పెట్టి దీపాల్నీ తారల్నీ ఎందుకు పట్టుకున్నావో నాకు అర్థమైంది. చనిపోయినవాళ్ళ గురించి చిన్న విషయాలు మాట్లాడితే మర్యాద తప్పినట్టు ఉంటుందని మనకో భయం.

నీకు పనికొచ్చే సంగతి ఒకటి చెప్తాను. 1960ల్లో న్యూయార్క్‌లో వెల్వెట్ అండర్‌గ్రౌండ్ అనే బ్యాండ్ ఉండేది. లూ రీడ్ పాటలు రాసి పాడేవాడు. జాన్ కేల్ వయోలా, బాస్, కీబోర్డ్ వాయించేవాడు. చిత్రకారుడు ఆండీ వార్హోల్ వీళ్ళని చేరదీశాడు. రిహార్సల్స్‌కి తన స్టూడియోలో చోటిచ్చాడు, మేనేజర్‌గా ఉన్నాడు. 1967లో వచ్చిన మొదటి ఆల్బమ్ మీద నిర్మాత పేరూ ఆయనదే, అట్ట మీది అరటిపండు బొమ్మా ఆయనదే. ఆయన సంగీతకారుడు కాడు. అయినా పని ఎట్లా చేయాలో వాళ్ళకి నేర్పింది ఆయనే. ఆ ఏడాదే లూ రీడ్ ఆయనతో తెగతెంపులు చేసుకున్నాడు. మరుసటి ఏడు జాన్ కేల్‌నీ బ్యాండ్ నుంచి పంపించేశాడు. 1987 ఫిబ్రవరిలో పిత్తాశయం ఆపరేషన్ తర్వాత వార్హోల్ చనిపోయాడు, అప్పటికి ఆయనకి 58 ఏళ్ళు. ఏళ్ళ తరబడి మాటల్లేని ఆ ఇద్దరు శిష్యులు ఆయన సంస్మరణ సభ దగ్గర కలుసుకుని, ఆయన మీద వరసగా పాటలు కట్టారు. 1989లో బ్రూక్లిన్‌లో వేదిక మీద వాయించారు. 1990లో 'సాంగ్స్ ఫర్ డ్రెల్లా' పేరుతో ఆల్బమ్ వచ్చింది. డ్రెల్లా అంటే డ్రాకులా, సిండరెల్లా కలిపి చుట్టూ ఉన్నవాళ్ళు ఆయనకి పెట్టిన ఎగతాళి పేరు. అది ఆయనకి నచ్చేది కాదు. గురువుకి నివాళి ఆల్బమ్, దానికి ఆయనకి నచ్చని పేరు! మన దగ్గర అయితే సభలో సగం మంది లేచి వెళ్ళిపోయేవారు.

అందులో 'వర్క్' అని ఒక పాట ఉంది. దాన్ని నువ్వు కూర్చుని వినాలి. ఆయన మహానుభావుడు అన్న మాట అందులో ఎక్కడా ఉండదు. ఎన్ని పాటలు రాశావు అని ఆండీ అడుగుతాడు. ఒక్కటీ రాయలేదు గానీ, పది రాశానని అబద్ధం చెప్తాడు లూ రీడ్. ఎప్పుడూ కుర్రాడిగానే ఉండవు, 15 రాయాల్సింది అంటాడు ఆండీ. అంతే! తిట్టే ఆ గొంతు వినిపించగానే మనిషి లేచొచ్చి ఎదురుగా నిలబడతాడు. వార్హోల్ బొమ్మ ఒక్కటీ చూడనివాడికి కూడా ఆయన ఎట్లాంటివాడో తెలిసిపోతుంది.

మాస్టారికీ అట్లాంటి మాట ఒకటి ఉంది కదా! "మళ్ళీ కొట్టు." నువ్వు తప్పు వాయించినా అదే, బాగా వాయించినా అదే. బాగుందన్న మాట ఆయన నోట విన్నవాళ్ళెవరైనా ఉంటే నాకు చూపించు. నీ కోరస్ అదే. లెక్క కూడా చూసుకో: ఛందస్సు లెక్కలో గురువుకి రెండు మాత్రలు, లఘువుకి ఒకటి. మ, ళ్ళీ రెండూ గురువులు, కొట్టులో ఒక గురువు, ఒక లఘువు. మొత్తం ఏడు మాత్రలు. ఫోర్ ఫోర్ తాళంలో ఒక బార్‌కి (ఒక ఆవర్తనానికి) ఎనిమిది ఎయిత్ నోట్‌లు (అర దెబ్బలు), మాత్రకొకటి. ఏడు మాటకి పోగా ఎనిమిదోది ఖాళీ, అక్కడ ఆయన కాలి చప్పుడు పెట్టు. నువ్వు రాసిన "నీ జ్ఞాపకాల సుమధుర పరిమళం" లైన్‌లో 17 మాత్రలున్నాయి. రెండు బార్‌లలో కూడా పట్టదు. అందుకే డెమోలో ఆ లైన్ పాడేటప్పుడు పరుగెత్తావు, వినేవాడికి ఒక్క ముక్క అందలేదు.

ఇంకో మాట. తెలుగు మాటలు అచ్చుతో ముగుస్తాయి కాబట్టి చివర సాగదీయడానికి హాయిగా ఉంటుంది. కానీ పవర్ కార్డ్ (గిటార్ మీద బరువుగా మోగే స్వరాల జత) పడే చోట మెత్తటి మాట పెడితే గిటార్ దాన్ని మింగేస్తుంది. అక్కడ ద్విత్వం కావాలి. కొట్టు, తప్పు, పట్టు, చెప్పు లాంటివి స్నేర్ డ్రమ్‌తో కలిసి మోగుతాయి. మన వాక్యంలో క్రియ ఆఖర్న వస్తుంది కాబట్టి అసలు మాట కూడా లైన్ చివరికి జారిపోతుంటుంది. పాటలో దాన్ని ముందుకి లాక్కోవచ్చు, ఎవరూ ఏమీ అనుకోరు. సంస్కృత సమాసాలు మెలొడీ పాటకి దాచుకో.

ఆయన్ని ఏమని పిలవాలో తేల్చుకో. నీ డెమోలో పల్లవిలో "నువ్వు", చరణంలో "మీరు", మళ్ళీ చివర "నీవు". పాటల్లో దేవుణ్ణి కూడా నువ్వు అనడం మనకి అలవాటే. శ్రీశ్రీ, పోయిన స్నేహితుడు కొంపెల్ల జనార్దనరావు కోసం రాసిన కవితలో ఆయనతో నేరుగా నువ్వు అనే మాట్లాడాడు. మహాప్రస్థానం అంకితం ఆయనకే. కానీ వాళ్ళు స్నేహితులు. నువ్వు మాస్టారిని ఒక్కసారైనా నువ్వు అన్నావా? లేదు కదా, మరి పాటలో ఎందుకు? "మాస్టారూ, మీరు" అనే పాడు. గిటార్ డిస్టార్షన్ (గరగరలాడే మోత) మీద మీరు అంటే కొంచెం వింతగా వినిపిస్తుంది, నిజమే. ఆ వింత ఉండనీ, మీ ఇద్దరి మధ్య ఉన్నది అదే.

ఇక నీకు కష్టమైన సంగతి. చివరి రోజుల్లో మీ ఇద్దరికీ పడలేదు. నువ్వు యూట్యూబ్ చూసి ఏదో నేర్చుకున్నావని ఆయన అన్న మాట, నువ్వు ఎదురు చెప్పిన మాట, ఆ తర్వాత నువ్వు వెళ్ళకపోవడం నాకు తెలుసు. డెమోలో అదంతా లేదు. ఫోన్‌లో మాత్రం నాతో మాట్లాడినంతసేపూ అదే చెప్పావు. అది పాటలోకి రావాలి. డ్రెల్లాలో ఆఖరి పాట 'హలో ఇట్స్ మీ' చూడు. లూ రీడ్ చనిపోయినవాడికి ఫోన్ చేసినట్టు మాట్లాడతాడు. నిన్ను కలవలేకపోయానంటాడు, నీ డైరీలో నా గురించి అట్లా రాశావేం అని నిలదీస్తాడు (వార్హోల్ డైరీలు ఆయన పోయాక 1989లో అచ్చయ్యాయి), ఆఖర్న వీడ్కోలు చెప్తాడు. ప్రేమా, ఫిర్యాదూ ఒకే గొంతులో ఉంటాయి.

అయితే జాగ్రత్త. చరణాలన్నీ నీ పశ్చాత్తాపంతో నింపావంటే పాట నీ గురించి అయిపోతుంది, ఆయన మళ్ళీ మాయం. ఒక్క చరణం చాలు. నువ్వు ఏమన్నావో, ఆయన ఏమన్నారో, మాటకి మాట. "నన్ను క్షమించండి" అని రాయకు. అది వినేవాడికి తెలుస్తుంది.

ఆయన ఇంటి విషయాలు, ఆరోగ్యం, అప్పులు మాత్రం ముట్టుకోకు. కోపం పాటలో పెట్టొచ్చు, అది అందరం చూసిందే. గుమ్మం లోపలి సంగతులు మనవి కావు. పాట బయటపెట్టే ముందు మాస్టారి భార్యకి వినిపించు. ఫోన్‌లో పంపడం కాదు, వెళ్ళి కూర్చుని వినిపించు. ఆవిడ వద్దన్న లైన్ తీసెయ్. నీ దగ్గర ఉన్న ఆయన వాయిస్ మెసేజ్‌లు పాట మొదట్లో పెడదామనుకుంటున్నావు కదా, దానికీ ఆవిడ సరే అనాలి. నన్నడిగితే వద్దంటాను. ఆయన గొంతు వినిపించాక నీ గొంతు ఎవరూ వినరు.

ట్యూన్ సంగతికొస్తే, నీ రిఫ్ (పాటలో మళ్ళీ మళ్ళీ వచ్చే గిటార్ ముక్క) బాగుంది గానీ అది ఎవరి నుంచి వచ్చిందో తెలియడం లేదు. బాబ్ డిలన్ 1962లో తన మొదటి ఆల్బమ్‌లో గురువులాంటి జానపద గాయకుడు వుడీ గత్రీ మీద పాట పాడాడు. గత్రీ అప్పటికి బతికే ఉన్నాడు, ఆస్పత్రిలో. ఆ పాట ట్యూన్ గత్రీ పాటల్లో ఒకదాని నుంచే తీసుకున్నాడు. అది రాక్ కాదు, జానపదం. అయినా నీకు పనికొస్తుంది. మాస్టారు ప్రతి కొత్త శిష్యుడికీ మొదటి నెలంతా చేయించే ఆ వేళ్ళ ఎక్సర్‌సైజ్ ఉంది కదా, క్రొమాటిక్‌గా, అంటే అర మెట్టు అర మెట్టుగా, ఎక్కి దిగేది, దాన్నే రిఫ్ చేయి. వేగం పెంచి, కింది తీగ మీదికి దించి, గెయిన్ పెట్టి (ఆంప్ మోత గరుకు చేసి) చూడు. ఆయన దగ్గర నేర్చుకున్నవాళ్ళందరికీ మొదటి నాలుగు సెకన్లలోనే అర్థమైపోతుంది. మిగతావాళ్ళకి మంచి రిఫ్‌లా వినిపిస్తుంది. నష్టం లేదు.

పాటంతా నెమ్మదిగా, ఏడుపు గొంతుతో ఉండాలని ఎవరన్నారు? ఏసీడీసీ బ్యాండ్ గాయకుడు బాన్ స్కాట్ 1980 ఫిబ్రవరిలో పోతే, ఆ బ్యాండ్ అదే ఏడు జులైలో 'బ్యాక్ ఇన్ బ్లాక్' తెచ్చింది. అట్ట మొత్తం నలుపు, మొదట్లో గంట మోగుతుంది. సంతాపం అంతవరకే, ఆ తర్వాతంతా హోరు. మాస్టారు నెమ్మది పాటలంటే విసుక్కునేవారు కూడా.

రికార్డింగ్‌లో నీ శ్రుతి అర మెట్టు దించు. గొంతు పూడుకుపోయినప్పుడు పై స్వరాలు పట్టవు, పట్టించబోతే అరుపు అవుతుంది. యూటూ బ్యాండ్‌తో పనిచేసిన న్యూజిలాండ్ కుర్రవాడు గ్రెగ్ క్యారల్ 1986లో డబ్లిన్‌లో బైక్ యాక్సిడెంట్‌లో పోయాడు. అతని మీద కట్టిన పాటని ఆ బ్యాండ్ గాయకుడు బోనో ఒక్క టేక్‌లోనే (ఒక్క విడతలోనే) పాడాడు, రెండోసారి పాడలేనన్నాడు. నువ్వూ మొదటి టేక్‌ని చెరిపేయకు. శ్రుతి అక్కడక్కడా తప్పినా దాచిపెట్టు, ఆటోట్యూన్ (శ్రుతి సరిదిద్దే సాఫ్ట్‌వేర్) జోలికి పోకు. చరణాల్లో డ్రమ్స్ తగ్గించు. డ్రెల్లాలో డ్రమ్స్ లేవు, ఇద్దరు మనుషులూ వాళ్ళ వాయిద్యాలూ అంతే, అందుకే ప్రతి మాటా వినిపిస్తుంది. సోలో నాలుగు బార్‌లకి మించొద్దు. అంతకంటే ఎక్కువైతే ఆయనేమంటారో నీకు తెలుసు.

సంవత్సరీకానికి విడుదల చేయాలని టెన్షన్ పడుతున్నావు. ఎందుకు? డ్రెల్లా రావడానికి మూడేళ్ళు పట్టింది. ఆ రోజు బ్రాహ్మణులు, భోజనాలు, బంధువులు... ఆ ఇంట్లో నీ పాట వినే తీరిక ఎవరికీ ఉండదు. సిద్ధమైనప్పుడు తీసుకురా.

చివరగా, బాస్ వాయించడానికి బయటి కుర్రవాణ్ణి పెట్టుకున్నావట. అతను మాస్టారిని చూడనే లేదు. మీ బ్యాచ్‌లోనే బాస్ వాయించేవాడు ఉన్నాడు, నువ్వు వాడితో మాట్లాడి ఎన్నాళ్ళయిందో నేను అడగను. ఆయన కాలి తాళం వాడికీ తెలుసు, నీకు గుర్తులేని తిట్లు వాడికి గుర్తుంటాయి. ఫోన్ చెయ్యి. లూ రీడ్, జాన్ కేల్ ఆ ఆల్బమ్ అయ్యాక కొన్నాళ్ళకి మళ్ళీ పోట్లాడుకున్నారు. మీరూ పోట్లాడుకోండి, కానీ పాట అయ్యాక.

కొత్త డెమో గొంతు, గిటార్ మాత్రమే ఉంచి ఫోన్‌లో రికార్డ్ చేసి పంపు. మాటలు విడిగా టైప్ చేసి పంపు, నా కళ్ళజోడు పవర్ మారింది, నీ చేతిరాత చదవలేను. అత్తయ్య నిన్ను అడిగిందని చెప్పమంది.

మామయ్య
సికింద్రాబాద్