తొలినాటి అమెరికాలో దొంగలు, మోసగాళ్లు ఆత్మకథలు రాసుకున్నారా?

రాసుకున్నారు. 1807లో హెన్రీ టఫ్ట్స్ అనే దొంగ కథ వచ్చింది. కానీ అందరిలోకీ పేరుమోసినవాడు స్టీఫెన్ బరోస్. న్యూహాంప్‌షైర్‌లో ఒక పాస్టర్ కొడుకు. డార్ట్‌మత్ కాలేజీ చదువు మధ్యలోనే ఆగింది. తర్వాత తండ్రి రాసుకున్న ప్రసంగాల కాగితాలు పట్టుకుపోయి, మసాచుసెట్స్‌లోని పెల్హామ్‌లో మారుపేరుతో పాస్టర్‌గా చేరిపోయాడు! గుట్టు రట్టయ్యాక, దొంగ నాణేల కేసులో జైలుకెళ్లాడు. బోస్టన్ రేవులోని కాజిల్ ఐలాండ్ జైలు నుంచి పారిపోయి మళ్లీ దొరికాడు. ఇవన్నీ 1798లో పుస్తకంగా అచ్చయ్యాయి.

అంతకుముందు ఉరిశిక్ష పడ్డవాళ్ల పేరిట వచ్చే కరపత్రాల్లో పశ్చాత్తాపమే ఎక్కువ. ఇతను మాత్రం తనను తానే గట్టిగా సమర్థించుకుంటాడు. చెప్పిందంతా నమ్మక్కర్లేదు గానీ, అప్పటి జైళ్లు ఎంత ఘోరమో తెలియాలంటే చదవాల్సిందే.