ఫ్రాంకో చనిపోగానే స్పెయిన్ సినిమాకు స్వేచ్ఛ వచ్చేసిందా?

వెంటనే రాలేదండి. నియంత ఫ్రాంకో పోయింది 1975 నవంబరులో. సెన్సార్‌ను చట్టప్రకారం ఎత్తేయడానికి 1977 నవంబరు దాకా పట్టింది. నన్నడిగితే అసలు స్వేచ్ఛ 1981లో గానీ రాలేదు.

మాడ్రిడ్‌లో చదువుకునే రోజుల్లో నా సాయంత్రాలు చాలావరకు సినే డోరేలోనే గడిచేవి. పాత సినిమాలు భద్రపరిచే ప్రభుత్వ సంస్థ నడిపే హాలది. అక్కడికొచ్చే పెద్దవాళ్లు ఆట అయ్యాక పాత సంగతులు చెప్పేవారు. 'మొగాంబో' అనే హాలీవుడ్ సినిమాలో పెళ్లయినావిడ పరాయి మగాడి మీద మనసు పడుతుంది. అది కుదరదని అప్పటి సెన్సార్ వాళ్లు డబ్బింగ్‌లో ఆ భార్యాభర్తలను అన్నాచెల్లెళ్లుగా మార్చేశారట! స్పెయిన్ దర్శకుడు బున్యుయెల్ తీసిన 'విరిదియానా'కు 1961లో కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి వచ్చింది. సొంత దేశంలో మాత్రం అది 1977 దాకా ఆడలేదు. నిర్బంధంలోనే గొప్ప కళ పుడుతుందని ఎవరైనా అంటే నాకు ఒళ్లు మండేది అందుకే.

ఇక 1981 ఎందుకంటారా? పిలార్ మిరో అనే దర్శకురాలు 1979లో 'క్వెంకా నేరం' తీసింది. జరిగిన కథే. 1910లో ఒక గొర్రెల కాపరి కనబడకుండా పోతాడు. చంపారని ఇద్దరిని పట్టుకుని, సివిల్ గార్డులు, అంటే అక్కడి సైనిక తరహా పోలీసులు, చిత్రహింసలు పెట్టి ఒప్పిస్తారు. వాళ్లు ఏళ్ల తరబడి జైల్లో మగ్గి బయటికొచ్చాక, 1926లో చచ్చాడనుకున్నవాడి పెళ్లికి బాప్టిజం సర్టిఫికెట్ పంపండని మరో ఊరి చర్చి ఫాదర్ నుంచి వాడి సొంతూరి చర్చికి ఉత్తరం వస్తుంది! ఆ హింస దృశ్యాల్లో కెమెరా పక్కకు తిరగదు. నేను తల దించేసుకున్నాను.

అప్పటికి సెన్సార్ లేదు. అయినా సినిమాను పట్టుకున్నారు. సివిల్ గార్డును అవమానించిందని ఆమె మీద సైనిక న్యాయస్థానంలో కేసు పెట్టారు. ఈలోగా 1981 ఫిబ్రవరిలో అదే దళానికి చెందిన అధికారి ఒకడు తుపాకులతో పార్లమెంటులోకి చొరబడ్డాడు. ఆ కుట్ర విఫలమైంది, కేసూ వీగిపోయింది. ఆగస్టులో సినిమా విడుదలైతే జనం విరగబడి చూశారు. యూనిఫాం వేసుకున్నవాడి తప్పు తెరమీద చూపించి, ఆ సినిమా హాల్లో ఆడిందంటే అదీ స్వేచ్ఛ.

మరుసటేడు సోషలిస్టులు గెలిచాక, సినిమా శాఖ పగ్గాలు పిలార్ మిరోకే ఇచ్చారు. నిర్మాణానికి ముందే ప్రభుత్వ సాయం అందేలా 1983లో ఆమె నిబంధనలు తెచ్చింది. కమిటీ మెచ్చిన సినిమాలకే డబ్బులన్న విమర్శ ఉంది, అది కొంత నిజమే. కానీ డబ్బు లేకపోతే స్వేచ్ఛ కాగితం మీదే ఉండిపోయేది.

మొదలుపెట్టాలంటే 'క్వెంకా నేరం'తోనే పెట్టండి, గుండె దిటవు చేసుకుని. తర్వాత 1984 నాటి 'లోస్ సాంతోస్ ఇనోసెంతెస్' చూడండి.