గది దరాగలో, కాలేజీ లెగాజ్పిలో: అడ్రసు ఏది రాయాలి?

సందేహం: అన్నా, మెడిసిన్‌కి ఫిలిప్పీన్స్ వచ్చాను. కాలేజీ లెగాజ్పిలో, అద్దె తక్కువని గది దరాగలో. జీప్నీలో వెళ్తుంటే ఊరు ఎక్కడ మారిందో కూడా తెలియదు. కాగితాల మీద లెగాజ్పి సిటీ అని రాసేస్తే ఏమైనా ఇబ్బందా?

జవాబు: ఇబ్బందే తమ్ముడూ. దరాగ లెగాజ్పికి శివారు కాదు. దాని మేయరు వేరు, మునిసిప్యో (మునిసిపల్ ఆఫీసు) వేరు.

అసలు దరాగ ఒకప్పుడు కగ్సావా అనే ఊరి కింద ఉన్న పల్లె. 1814 ఫిబ్రవరి 1న మయోన్ అగ్నిపర్వతం బద్దలై కగ్సావాను పూడ్చేసింది. సుమారు 1,200 మంది చనిపోయారంటారు. బతికినవాళ్ళు దరాగ చేరుకున్నారు, ఊరు అక్కడ పెరిగింది. ఇప్పుడు ఆ కగ్సావా శిథిలాలు దరాగలోని బుసాయ్ అనే బరంగాయ్‌లో (మన వార్డు లాంటిది) ఉన్నాయి. పెద్ద ఊరు కాస్తా తన పల్లెలో ఒక పేట అయిపోయింది! అక్కడ మిగిలిన చర్చి గంటగోపురం ముందు సెల్ఫీలు దిగే మనవాళ్ళలో ఈ సంగతి ఎందరికి తెలుసో.

1948లో దరాగను లెగాజ్పితో కలిపి నగరం చేశారు. అది నిలవలేదు. 1954లో నగరాన్ని రద్దు చేసి మళ్ళీ రెండు మునిసిపాలిటీలుగా విడదీశారు. 1959లో నగర హోదా తిరిగొచ్చింది, లెగాజ్పి ఒక్కదానికే. దరాగ 54 బరంగాయ్‌లతో మునిసిపాలిటీగానే ఉంది. 2021లో తెరిచిన బికోల్ అంతర్జాతీయ విమానాశ్రయం కూడా దీని పరిధిలోనిదే, జనం లెగాజ్పి ఎయిర్‌పోర్టు అన్నా సరే.

ఇక నీ పని. బరంగాయ్ క్లియరెన్స్ (బరంగాయ్ ఇచ్చే ధ్రువపత్రం) నువ్వు ఉండే బరంగాయ్ హాల్లోనే తీసుకోవాలి, కాలేజీ దగ్గరది చెల్లదు. సెడుల (స్థానిక పన్ను కట్టినట్టు ఇచ్చే పత్రం) కావాలంటే దరాగ మునిసిప్యోకి వెళ్ళు. రెంట్ అగ్రిమెంటులో బరంగాయ్ పేరు తప్పకుండా రాయించు. గది మారితే ఇమ్మిగ్రేషన్ వాళ్ళకీ చెప్పాలి.

డిపాజిట్ గొడవ వస్తే ఈ సరిహద్దు బాగా పనికొస్తుంది. నువ్వూ ఇంటి ఓనరూ ఒకే మునిసిపాలిటీలో ఉంటే, కోర్టుకి పోయేముందు బరంగాయ్ కెప్టెన్ దగ్గర రాజీకి కూర్చోవాల్సిందే. ఖర్చు దాదాపు ఉండదు, చాలా తగాదాలు అక్కడే తెమిలిపోతాయి. ఓనరు ఉండేది లెగాజ్పిలో అయితే మాత్రం ఆ రాజీ మామూలుగా తప్పనిసరి కాదు, పిలిస్తే రాకపోయినా బలవంతపెట్టలేవు. అందుకే అడ్వాన్సు ఇచ్చేముందే ఓనరు ఏ ఊళ్ళో ఉంటారో అడుగు, రసీదు మీద సంతకం పెట్టించుకో.