మీ ప్రశ్న – నా జవాబు: థండర్‌చీఫ్‌లు ఎందుకు కూలాయి?

ప్రశ్న: అమెరికా వాళ్ల ఎఫ్-105 థండర్‌చీఫ్ అంత వేగంగా ఎగిరే యుద్ధ విమానం కదా, వియత్నాం యుద్ధంలో అన్ని ఎలా కూలిపోయాయి? పైలట్లకు అనుభవం చాలకనా?

జవాబు: నెపం పైలట్ల మీదికి నెట్టకండి. అమెరికా పైలట్ రాబిన్సన్ రిస్నర్ కొరియా యుద్ధంలో 8 మిగ్ యుద్ధ విమానాలను కూల్చిన ఘనుడు. 1965 మార్చిలో ఆయన థండర్‌చీఫ్ దెబ్బతింటే సముద్రం మీద దూకి బయటపడ్డారు. ఏప్రిల్‌లో టైమ్ పత్రిక ఆయన బొమ్మను ముఖచిత్రంగా వేసింది. సెప్టెంబరు 16న మళ్లీ కూలి పట్టుబడ్డారు. పట్టుకున్న ఉత్తర వియత్నాం వాళ్లకు ఆ ముఖచిత్రం పుణ్యాన ఆయనెవరో ముందే తెలుసు! 1973 ఫిబ్రవరిలో గాని విడుదల కాలేదు. ఇంతకన్నా అనుభవం ఎవరికుంటుంది?

నేను విమానాల హైడ్రాలిక్ గొట్టాలు బిగిస్తూ రిటైరైనవాణ్ణి. నా చూపు అటే పోతుంది. రిపబ్లిక్ కంపెనీ ఈ విమానాన్ని పొట్టలో ఒక అణుబాంబు పెట్టుకుని, నేలకు దగ్గరగా ధ్వనిని మించిన వేగంతో వెళ్లి వేసి రావడానికి తయారుచేసింది. తుపాకీ గుండ్ల నడుమ రోజూ తిరగడానికి కాదు. అదుపు వ్యవస్థ ఒకటి చెడితే మరొకటి ఆదుకోవాలని హైడ్రాలిక్ వ్యవస్థలను వేర్వేరుగా పెట్టారు. బాగుంది. కానీ వాటి గొట్టాలను పక్కపక్కనే నడిపారు! ఒకే పేలుడు తునక అన్నింటినీ కోసేస్తే నూనె కారిపోయి, తోక రెక్కలు మాట వినక, విమానం ముక్కు నేలకేసి వాలిపోయేది. అలాంటి వేళ తోకను కదలకుండా బిగించే ఏర్పాటు తర్వాత చేశారు. దానితో పైలట్ కనీసం శత్రువుల ప్రాంతం దాటాక దూకవచ్చు.

వియత్నాంలో అణుబాంబు గదిలో అదనపు ఇంధనం నింపి, మామూలు బాంబులను బయట వేలాడదీశారు. ఆ బరువుతో ఇక మీరన్న వేగమెక్కడిది? పైగా థాయ్‌లాండ్‌లోని తక్లీ, కోరాట్ స్థావరాల నుంచి బయలుదేరి దాదాపు అవే దారుల్లో ఉత్తర వియత్నాం రాజధాని హనోయి వైపు వెళ్లాలి. కింద ఫిరంగులవాళ్లు కాచుకుని ఉండేవారు. ఏ లక్ష్యాన్ని కొట్టాలో వాషింగ్టన్ తేల్చేది. తయారైనవి 833. ప్రమాదాలతో కలిపి దాదాపు సగం ఆ యుద్ధంలోనే పోయాయి.

ఒంటి సీటు థండర్‌చీఫ్‌లను 1970లో అక్కడి నుంచి తప్పించారు. క్షిపణుల రాడార్లను వేటాడే రెండు సీట్లవి మాత్రం చివరిదాకా ఉన్నాయి. వాటి సంగతి ఎవరైనా అడిగితే మరోసారి చెబుతాను.