మీ ప్రశ్న – మా జవాబు: హాలీవుడ్ డూప్‌లు

ప్ర: మేడ మీంచి దూకే డూప్‌లు అట్టపెట్టెల మీద పడతారని విన్నాను. అట్టపెట్టె మనిషిని ఆపుతుందా?
– డిగ్రీ విద్యార్థి, గుంటూరు

జ: ఆపుతుంది. అయితే పెట్టెలు ఖాళీగా ఉండాలి. 40 అడుగుల ఎత్తు నుంచి దూకితే ఒకటిన్నర సెకనులో కిందికి చేరతారు. అప్పటికి వేగం గంటకు 55 కిలోమీటర్లు. సిమెంటు నేల ఆ వేగాన్ని ఒకటి రెండు అంగుళాల్లోనే ఆపేస్తుంది కాబట్టి ఎముకలు విరుగుతాయి. అదే నాలుగడుగుల లోతులో నెమ్మదిగా ఆగితే ఒంటి మీద పడే బలం శరీర బరువుకు పది పదకొండు రెట్లు, అదీ కన్నుమూసి తెరిచేంతసేపే. సాధన ఉన్నవాళ్లు దాన్ని తట్టుకుంటారు.

ఒకే సైజు పెట్టెలకు మూతలు టేపు వేసి, వరస మీద వరస పేరుస్తారు. మూలల్లో కోత పెడితే లోపలి గాలి బయటికి పోయి పెట్టె చక్కగా నలుగుతుంది. పైన పరుపులు పరిచి, చుట్టూ తాడు బిగించి కడతారు. తాడు వదులైతే మనిషి పడగానే పెట్టెలు పక్కలకు జారిపోయి, నడుం నేరుగా నేలకు తగులుతుంది. తడిసిన పెట్టె, ఒకసారి నలిగిన పెట్టె పనికిరావు. రెండో టేక్ అంటే కొత్త పెట్టెలు పేర్చాల్సిందే.

ఎత్తు పెరిగితే ఎయిర్‌బ్యాగ్, అంటే గాలి నింపిన పెద్ద సంచి, వాడతారు. దానికి పక్కల్లో గాలి పోయే కంతలుంటాయి. అవి బాగా మూసుకుని ఉంటే బ్యాగ్ మనిషిని బంతిలా ఎగరేసి బయట పడేస్తుంది. మరీ తెరిచి ఉంటే మనిషి అడుగుదాకా దిగిపోతాడు. ఎంత తెరవాలన్నది దూకే ఎత్తు, మనిషి బరువు చూసి సరిచేస్తారు. ఎలా పడాలంటే, వెల్లకిలా, వీపంతా ఒక్కసారే ఆనేలా. కాళ్లు ముందు ఆనితే ఒళ్లు మడతపడి సొంత మోకాలే మొహానికి కొట్టుకుంటుంది. అందుకే బ్యాగ్ నడిమధ్య గుర్తు మీదే చూపు నిలిపి, చివరి క్షణంలో ఒళ్లు తిప్పుతారు.

ఇంత చేసినా ప్రమాదం పూర్తిగా పోదు. 1978లో కెంటకీ రాష్ట్రం లెక్సింగ్టన్‌లో ఎ.జె. బకునాస్ అనే స్టంట్‌మ్యాన్ సుమారు 300 అడుగుల భవనం మీంచి దూకాడు. సరిగ్గానే వచ్చి పడ్డాడు, కానీ కింద బ్యాగ్ చిరిగిపోయింది. ప్రాణం దక్కలేదు. బ్యాగ్ కుట్లను దూకే మనిషి తన చేత్తో తడిమి చూసుకోవాలని మేము గట్టిగా చెప్పేది ఇందుకే.

ప్ర: చదునైన రోడ్డు మీద కారు అన్ని పల్టీలు ఎలా కొడుతుంది?
– పాఠకురాలు, వరంగల్

జ: మామూలుగా ఒక పక్క చక్రాలను ర్యాంప్ ఎక్కించి తిప్పుతారు. ర్యాంప్ కెమెరాకు కనబడకూడదంటే కారు అడుగున ఫిరంగి గొట్టం బిగిస్తారు. 1974లో వచ్చిన ‘మెక్‌క్యూ’ సినిమా కోసం స్టంట్‌మ్యాన్ హాల్ నీడమ్ ఆ గొట్టంలో మందుగుండు కూరి, కరెంటు స్తంభం లాంటి దుంగ ముక్కను నేలకేసి పేల్చాడు. దుంగ నేలను తన్నితే కారు పైకి లేచి దొర్లుతుంది. ఇప్పుడు మందుగుండు బదులు నైట్రోజన్ వాయువు వాడుతున్నారు. 2006లో ‘క్యాసినో రాయల్’ సినిమా కోసం స్టంట్‌మ్యాన్ ఆడమ్ కిర్లీ ఇలాగే ఏడు పల్టీలు కొట్టించాడు. ఆ ఆస్టన్ మార్టిన్ బరువంతా కిందికే ఉండటంతో ఒట్టి ర్యాంప్‌కి తిరగలేదు, ఫిరంగి పెట్టాల్సి వచ్చింది. కారు లోపల ఇనుప పంజరం, నాలుగైదు చోట్ల బిగించే బెల్టులు ఉంటాయి. చేతులు కిటికీ వైపు పోకుండా దగ్గరికి ముడుచుకోవాలి.

ప్ర: మా తమ్ముడు అమెరికాలో ఉంటాడు, జిమ్నాస్టిక్స్ బాగా చేస్తాడు. ఈ వృత్తిలోకి ఎలా వెళ్లాలి? డబ్బెంత?
– పాఠకుడు, కాకినాడ

జ: పని చేసుకునే అనుమతి ఉందో లేదో ముందు చూసుకోమనండి. అమెరికాలో స్టంట్లకు ప్రభుత్వ లైసెన్సంటూ లేదు. నటుల యూనియన్ శాగ్-ఆఫ్ట్రా సభ్యత్వం, స్టంట్ కోఆర్డినేటర్ (సినిమాలో స్టంట్లన్నీ చూసుకునే పెద్ద) నమ్మకం, ఈ రెండే దారి. బ్రిటన్‌లో పద్ధతి వేరు. అక్కడి స్టంట్ రిజిస్టర్‌లో చేరాలంటే కనీసం ఆరు విద్యల్లో అర్హత చూపాలి. అమెరికాలో ఉన్నా ఆ బాటే మంచిదని మా అభిప్రాయం: జిమ్నాస్టిక్స్‌కి తోడు ఒక యుద్ధవిద్య, డైవింగ్, గుర్రపు స్వారీ, డ్రైవింగ్. ఎత్తు, బరువు, నడుం, చెప్పుల సైజు ఎప్పటికప్పుడు రాసి ఉంచుకోవాలి. హీరో కొలతలకు సరిపోతేనే డూప్ పని దొరుకుతుంది.

యూనియన్ రోజు కూలి 1,200 డాలర్లు దాటింది. దాని మీద ‘అడ్జస్ట్‌మెంట్’ ఉంటుంది. అంటే స్టంట్ కష్టాన్ని బట్టి, చేసిన ప్రతిసారీ ఇచ్చే అదనపు సొమ్ము. అది ఎంతో దూకక ముందే మాట్లాడుకోవాలి. పని లేని రోజులే ఎక్కువని కూడా తమ్ముడికి చెప్పండి.

హీరోయిన్ డూప్‌ల కష్టం ఇంకా ఎక్కువ. ప్యాంటు, కోటు అయితే లోపల మోకాలికి, మోచేతికి, తుంటికి ప్యాడ్‌లు దాచుకోవచ్చు. చేతుల్లేని పొట్టి గౌనులో ఏం దాస్తారు? అదే మెట్ల మీద అదే దొర్లుడు దొర్లాలి.

ప్ర: ఒళ్లు సహకరించకపోయాక వీళ్లేం చేస్తారు?
– రిటైర్డ్ ఉపాధ్యాయుడు, కర్నూలు

జ: తెలివైనవాళ్లు దానికి ముందే దారి చూసుకుంటారు. రోడియోలో (అమెరికా కౌబాయ్‌ల గుర్రపు పోటీల్లో) పెరిగిన స్టంట్‌మ్యాన్ యాకిమా కానట్ 1939లో ‘స్టేజ్‌కోచ్’ సినిమా కోసం పరుగెత్తే గుర్రాల నడుమ పడి, బండి తన మీదుగా పోయేలా చేశాడు. అప్పటికి ఆయన వయసు 40 దాటింది. కింద పడేటప్పుడు కాలు ఇరుక్కోకుండా ఒక పక్క తెరిచి ఉండే రికాబు కూడా ఆయన తెచ్చిందే. తర్వాత స్టంట్ల లాంటి దృశ్యాలను విడిగా తీసే సెకండ్ యూనిట్‌కు దర్శకుడై, 1959 ‘బెన్‌హర్’లో రథాల పందెం నడిపించాడు. అందులో హీరోకి డూప్ ఆయన కొడుకు జో. రథం ఎగిరి జో ముందుకు విసిరేసినట్టు పడితే గడ్డం మీద గాటు పడింది, అంతే. ఆ షాట్ సినిమాలో అలాగే ఉంచారు.